ఎన్టీఆర్ లేని తెలుగుదేశంలో ఎన్టీఆర్

1978 నుంచి 1983 దాకా ఆంధ్రప్రదేశ్ నలుగురు కాంగ్రెస్ ముఖ్యమంత్రులను చూసింది. ఎవరుండాలో, ఎవరు దిగిపోవాలో ఢిల్లీయే తేల్చేది. ఆ అవమానభారం మీదే నందమూరి తారక రామారావు (ఎన్టీఆర్) 1982 మార్చి 29న తెలుగుదేశాన్ని నిలబెట్టారు. చైతన్యరథమనే ప్రచార వాహనంపై ఊరూరా తిరిగి, తొమ్మిది నెలలకే గద్దెనెక్కారు.

ఆత్మగౌరవ నినాదాన్ని ఆయన పాలనగా మార్చారు. కిలో బియ్యం 2 రూపాయలకు ఇచ్చారు. 1984లో పటేల్, పట్వారీ, కరణం, మునసబు వ్యవస్థను రద్దు చేశారు. భూమి కాగితం కోసం కరణం అరుగు ముందు పడిగాపులు కాసిన రైతుకు అదెంత పెద్ద మార్పో వేరే చెప్పనక్కర్లేదు. తాలూకాలను చీల్చి మండలాలు తెచ్చారు. ఆడబిడ్డలకు పిత్రార్జితంలో సమాన వాటా కల్పించారు. దేశమంతటికీ అలాంటి చట్టం 2005లో గానీ రాలేదు.

అల్లుడు చంద్రబాబు నాయుడు నడిపిన 1995 ఆగస్టు తిరుగుబాటుతో పార్టీ ఆయన చేజారింది. 1996 జనవరి 18న కన్నుమూశారు. చంద్రబాబు నాయుడు హయాంలో బియ్యం ధర పెరిగింది, ఎన్టీఆర్ తెచ్చిన మద్యనిషేధం 1997లో సడలింది, సంస్కరణల మాట ముందుకొచ్చింది. పసుపు జెండా, సైకిల్ గుర్తు, మహానాడు సభలు మాత్రం అలాగే ఉన్నాయి. ఢిల్లీలో ప్రాంతీయ పార్టీలను కూడగట్టే పాత్ర నేషనల్ ఫ్రంట్ నుంచి యునైటెడ్ ఫ్రంట్ దాకా సాగింది.

2004లో పార్టీ ఓడింది. 2008లో 2 రూపాయల బియ్యాన్ని మళ్లీ తెచ్చింది కాంగ్రెస్ ముఖ్యమంత్రి వై.ఎస్. రాజశేఖర రెడ్డి. సంక్షేమం పేదల హక్కన్న భావన అప్పటికే పార్టీల గీతలు దాటేసింది. తెలుగుదేశం కూడా 2009లో నగదు బదిలీ హామీతో ఆ దారికే వచ్చింది. 2019లో 23 సీట్లకు పడిపోయి, 2024లో 135తో తిరిగొచ్చాక, మూతపడిన అన్న క్యాంటీన్లను మళ్లీ తెరవడానికి ఎంచుకున్న ఊరు గుడివాడ. 1983లో ఎన్టీఆర్ గెలిచిన స్థానాల్లో అదొకటి. 5 రూపాయల భోజనానికి జనం ఆయన్ను పిలిచిన 'అన్న' పేరే పెట్టారు.

ఆయన మిగిల్చిన మరో అలవాటు కూడా ఉంది. 1989లో మంత్రివర్గం మొత్తాన్నీ ఒక్కసారిగా తొలగించిన ఏకవ్యక్తి నిర్ణయ పద్ధతి పార్టీని నేటికీ వదల్లేదు. పల్లెలో కరణం పెత్తనాన్ని తీసేసిన పార్టీ, తన లోపలి పెత్తనాన్ని కూడా పంచుకున్నప్పుడే ఆ వారసత్వానికి పూర్తి హక్కుదారు అవుతుంది.