తీపి బ్రెడ్డు క్రూటాన్లు

తీపి బ్రెడ్డును చిన్న చిన్న చదరపు ముక్కలుగా కోసి, తడి ఆరిపోయే వరకు వేడి చేసి, కరకరలాడేటట్లు దోరగా వేయించిన వాటిని తీపి బ్రెడ్డు క్రూటాన్లు అంటారు. క్రూటాన్లను సాధారణముగా సూపులలోను, సలాడ్లలోను చివరన వేసుకొని తింటారు. పంచదార, పాలు లేని రొట్టెతో గాని, అవి బహు కొద్దిగా ఉన్న రొట్టెతో గాని వీటిని చేయడం ఐరోపా వారి పద్ధతి. ఆంధ్ర ప్రదేశ్ లోని చిన్న పట్టణాలలోను, పల్లెలలోను బేకరీలలో దొరికే బ్రెడ్డు చాలావరకు తీపిగానే ఉంటుంది. కనుక ఐరోపా పద్ధతిని ఉన్నదున్నట్లు అనుసరించినచో ముక్క పైన మాడిపోయి, లోపల మెత్తగా మిగిలిపోతుంది. తీపి బ్రెడ్డుకు తగిన పద్ధతి రస్కు చేసే పద్ధతికి దగ్గరగా ఉంటుంది. ముందు తక్కువ వేడి మీద ఆరబెట్టవలెను, రంగు తెప్పించడం చిట్టచివరి పని.

పేరు

ఫ్రెంచి భాషలో "క్రూత్" అనగా రొట్టె పైనుండే గట్టి పెచ్చు. ఈ మాటకు మూలం లాటిన్ భాషలోని "క్రుస్తా". పెచ్చు ముక్క అనే అర్థంలో ఫ్రెంచిలో ఏర్పడిన పదమే ఆంగ్లము ద్వారా మనకు "క్రూటాన్"గా వచ్చినది. తెలుగులో దీనికి వేరే పేరు స్థిరపడలేదు. సూపులో వేసే బ్రెడ్డు ముక్కలు అంటే మాత్రం ఎవరికైనా అర్థమవుతుంది.

రస్కు సంగతి వేరు. టీలో రస్కు ముంచుకొని తినడం తెలుగు వారికి బాగా అలవాటైన విషయం. తీపి రొట్టెను ఒకసారి కాల్చి, బిళ్ళలుగా కోసి, మరల సన్నని వేడి మీద ఆరబెట్టినదే రస్కు. జర్మనీ వారు ఇటువంటి దానిని "జ్వీబాక్" అంటారు. ఆ మాటకు అర్థం రెండుసార్లు కాల్చినది అని. బిస్కట్ అనే మాటకు కూడా మూలార్థం ఇదే. ఈ విధముగా చూస్తే తీపి బ్రెడ్డు క్రూటాన్ అనేది చిన్నదిగా కోసి, నేతిలో వేయించిన రస్కు అని చెప్పవచ్చును.

నేపథ్యం

క్రూటాన్లు పాతబడిన రొట్టెను పారవేయకుండా వాడుకొనుటకు పుట్టిన వంటకం. ఫ్రాన్స్ లో ఉల్లిపాయ సూపు మీద, స్పెయిన్ లో గజ్పాచో అనే చల్లని సూపు మీద ఇటువంటి రొట్టె ముక్కలు వేస్తారు. మెక్సికో లోని తిహువానా నగరంలో 1924లో సీజర్ కార్డినీ అనే హోటలు యజమాని తయారు చేశాడని చెప్పబడే సీజర్ సలాడు వలన క్రూటాన్లకు ప్రపంచవ్యాప్తముగా ప్రచారం లభించినది.

భారతదేశంలో పులిసిన పిండితో చేసే ఐరోపా తరహా రొట్టెను వ్యాప్తి చేసినవారు పోర్చుగీసు వారు. "పావ్" అనే మాట వారి "పావ్ఁ" అనే పదం నుండి వచ్చినదే. కేంద్ర ప్రభుత్వం 1965లో మోడరన్ బేకరీస్ అనే సంస్థను స్థాపించిన తరువాత బ్రెడ్డు పొట్లాలు దేశంలో మరింత విస్తారంగా లభించసాగాయి. ఈ సంస్థ 2000లో ప్రైవేటు రంగానికి అమ్మివేయబడినది. కోస్తా జిల్లాలలో చాలాకాలం బ్రెడ్డు పథ్యపు ఆహారం. జ్వరం వచ్చినవారికి పాలలో ముంచి పెట్టే వస్తువుగానే ఇంటికి వచ్చేది. ఆ పొట్లంలో సగం తిని జ్వరం తగ్గగానే మిగతా సగం ఎవరికీ పట్టకుండా పోవడం చాలా ఇళ్ళలో జరిగేదే.

హైదరాబాదులో మాత్రం మిగిలిన బ్రెడ్డుకు ఘనమైన గతి పట్టినది. డబుల్ కా మీఠా అనే తీపి వంటకంలో బ్రెడ్డు ముక్కలను నేతిలో ఎర్రగా వేయించి, పంచదార పాకంలోను, పాలలోను నానబెడతారు. బ్రెడ్డుకు ఉర్దూలో ఉన్న "డబుల్ రోటీ" అనే పేరు నుండి ఈ పేరు వచ్చినది. వేయించడం వరకు ఇది క్రూటాన్ల తయారీ వంటిదే. అయితే అందులో ముక్క చివరకు మెత్తబడవలెను కనుక లోపల కొంచెం తడి మిగిలినా నష్టం లేదు. క్రూటాన్ విషయంలో ఆ తడే అసలు ఇబ్బంది.

తీపి బ్రెడ్డు త్వరగా మాడుటకు కారణం

రొట్టెకు కాల్చినపుడు వచ్చే గోధుమ రంగు, కమ్మని వాసన ముఖ్యముగా చక్కెరలకు, మాంసకృత్తులకు మధ్య జరిగే రసాయన చర్య వలన కలుగుతాయి. ఫ్రాన్స్ కు చెందిన లూయీ కామీ మయ్యార్ 1912లో దీనిని వివరించినందున దీనికి మయ్యార్ చర్య అని పేరు. సాధారణ పంచదార (సుక్రోజు) నేరుగా ఈ చర్యలో పాల్గొనదు. కాని పిండిలో కలిపిన ఈస్టు దానిని గ్లూకోజుగాను, ఫ్రక్టోజుగాను విడగొడుతుంది. ఈ రెండూ చర్యలో చురుకుగా పాల్గొంటాయి. పాలపొడి వేసిన బ్రెడ్డులో లాక్టోజు కూడా ఉంటుంది. బేకరీ ఈస్టు లాక్టోజును తినలేదు కనుక అది అంతా రొట్టెలో మిగిలిపోయి రంగును ఇంకా త్వరపెడుతుంది. దీనికి తోడు పంచదార నీటిని పట్టి ఉంచుతుంది. అందుచేత తీపి బ్రెడ్డు ఆరుటకు ఆలస్యం, మాడుటకు తొందర.

ఇక్కడ ఇంకొక అపోహ కలదు. నిన్నటి బ్రెడ్డు గట్టిపడినది కనుక ఎండిపోయినది అని చాలామంది అనుకొంటారు. ఫ్రెంచి శాస్త్రవేత్త బూసాంగో 1852లోనే రొట్టెను గాలి చొరని పాత్రలో ఉంచి, నీరు ఏమాత్రం పోకపోయినా అది పాతబడుతుందని చూపించాడు. రొట్టెలోని పిండి పదార్థపు అణువులు మరల స్ఫటికములవలె కుదురుకొనడమే గట్టిదనానికి ముఖ్య కారణం. ఈ మార్పు రిజ్రిరేటరులోని చల్లదనంలో మరింత వేగంగా జరుగుతుంది. అందువలన ఫ్రిజ్ లో గట్టిపడిన బ్రెడ్డును తెచ్చి నేరుగా నూనెలో వేయించినా లోపలి తడి లోపలనే ఉంటుంది. గట్టి బ్రెడ్డు శుభ్రంగా చదరాలుగా తెగుతుంది, అంతవరకే దానివలన ఉపయోగం.

జి.కొండూరు పరిసరాలలో

జి.కొండూరు విజయవాడ నుండి మైలవరం పోవు దారిలో ఉన్న మండల కేంద్రం. పూర్వపు కృష్ణా జిల్లాలోని ఈ మండలం 2022లో ఏర్పడిన ఎన్టీఆర్ జిల్లాలోకి వచ్చినది. అదే విభజనలో నూజివీడు ఏలూరు జిల్లాలో చేరినది. జిల్లాలు వేరైనా ఈ ప్రాంతమంతా ఒకే మామిడి సీమ. బంగినపల్లి, చిన్నరసాలు, పెద్దరసాలు ఇక్కడ ప్రసిద్ధి.

మామిడి కాపుకు వచ్చే వేసవి నెలలే ఈ ప్రాంతంలో ఎండబెట్టే పనులకు కూడా అదను. డాబాల మీద వడియాలు, మామిడి ఒరుగులు, పచ్చడి ముక్కలు ఎండుతూ ఉంటాయి. మే నెలలో ఇక్కడ పగటి ఉష్ణోగ్రత తరచుగా 40 డిగ్రీల సెల్సియస్ దాటుతుంది. బ్రెడ్డు ముక్కల తడి తీయుటకు ఈ ఎండ చాలావరకు సరిపోతుంది. ఓవెన్ లేని ఇంటివారు దీనిని లోటుగా భావించనవసరం లేదు. ఒరుగులు ఎండబెట్టడం తెలిసినవారికి ఇందులో కొత్తగా నేర్చుకొనవలసినది చీమల నుండి కాపాడుకొనడం మాత్రమే. తీపి బ్రెడ్డుకు చీమలు పట్టినంత త్వరగా ఒరుగులకు పట్టవు. ముక్కల పళ్ళేన్ని ఒక స్టూలు మీద ఉంచి, స్టూలు కాళ్ళ క్రింద నీళ్ళు పోసిన గిన్నెలు పెట్టవలెను. పైన పలుచని బట్ట కప్పవలెను.

తయారు చేయు విధానం

ఆరు బ్రెడ్డు ముక్కలకు (సుమారు 150 గ్రాములు) రెండు చెంచాల నెయ్యి, చిటికెడు ఉప్పు సరిపోతాయి. తీపిని అణచుటకు కొద్దిగా మిరియాల పొడి గాని కారం గాని చేర్చవచ్చును. వెల్లుల్లి వేయదలచినవారు దానిని నేతిలో కాచి తీసివేయవలెను, లేనిచో అది బ్రెడ్డు కంటే ముందే మాడి చేదెక్కుతుంది. సాదా తీపి బ్రెడ్డు, బన్నులు ఇందుకు అనుకూలం. టూటీ ఫ్రూటీ వేసిన ఫ్రూట్ బ్రెడ్డు అంత అనుకూలం కాదు. ఆ రంగు పలుకులు పాకం పట్టిన బొప్పాయి ముక్కలు కనుక వేడికి సాగి, తరువాత రాయిలా గట్టిపడతాయి. వాటిని ఏరివేస్తే సరిపోతుంది.

బ్రెడ్డును ఒకటిన్నర సెంటీమీటర్ల చదరాలుగా కోయవలెను. అంతకంటే పెద్దవైతే లోపలి వరకు ఆరుటకు చాలా సమయం పడుతుంది. తరువాత ఆరబెట్టడం. ఇది మూడు విధాలుగా చేయవచ్చును. ఎండలో అయితే ఉదయం పెట్టిన ముక్కలను మధ్యలో ఒకటి రెండుసార్లు తిరగవేసి, చల్లగాలి మొదలు కాకముందే లోపలికి తీసుకొనవలెను. పొయ్యి మీద అయితే దళసరి పెనం పెట్టి, మంటను వీలైనంత తగ్గించి, ముక్కలను ఒకే వరుసగా పరచి, మూత పెట్టకుండా 20 నుండి 25 నిమిషాలు కలుపుతూ ఉండవలెను. మూత పెడితే ఆవిరి మరల ముక్కలలోకే చేరుతుంది. ఓవెన్ ఉన్నవారు 120 డిగ్రీల వద్ద అరగంట ఉంచితే చాలు. సాధారణ రొట్టెకు చెప్పే 180, 190 డిగ్రీల వేడి తీపి బ్రెడ్డుకు పనికిరాదు.

ఆరినదీ లేనిదీ తెలుసుకొనుటకు ఒక ముక్కను విరిచి చూడవలెను. వంగక, టప్పున విరిగి, మధ్యభాగం కూడా వేలికి పొడిగా తగలవలెను. ఇంట్లో చిన్న త్రాసు ఉంటే ఇంకా మేలు. బ్రెడ్డు బరువులో మూడవ వంతుకు కొంచెం మించి నీరే ఉంటుంది కనుక 150 గ్రాముల ముక్కలు సుమారు 100 గ్రాములకు దిగినపుడు తడి పోయినట్లు లెక్క.

ఆ తరువాతనే నెయ్యి. మూకుడులో నెయ్యి కరిగించి, ఆరిన ముక్కలను వేసి, సన్నని సెగ మీద మూడు నాలుగు నిమిషాలు ఆపకుండా కలపవలెను. లేత బంగారు రంగు రాగానే దించి, వెంటనే వేరొక పళ్ళెంలోకి మార్చవలెను. వేడి మూకుడులోనే వదలితే రంగు ముదురుతూనే ఉంటుంది. ఈ దశలో ఫోనుకో, వీధి తలుపుకో వెళ్ళి వచ్చేసరికి నల్లబడిన వాయి గురించి చెప్పని వంటవారు అరుదు. ఉప్పు, కారం దించిన తరువాత చల్లితే చాలు.

జాగ్రత్తలు

బూజు పట్టిన బ్రెడ్డును క్రూటాన్లకు వాడరాదు. పైకి ఒక మచ్చ మాత్రమే కనిపించినా బూజు పోగులు మెత్తని రొట్టె లోపలికి కంటికి కనపడకుండా వ్యాపిస్తాయి. బూజులు ఉత్పత్తి చేసే విషాలలో కొన్ని వేయించినా నశించవు. కావున ఆ భాగం కోసివేసి మిగతాది వాడుకొనడం, ఎండలో పెడితే పోతుందనుకొనడం రెండూ పొరపాటే. ఆదా చేయదలచినవారు బూజు పట్టక ముందే, అంటే పొట్లం విప్పిన రెండవ మూడవ రోజునే ముక్కలు కోసి ఆరబెట్టుకొనవలెను. వానాకాలంలో ఎండను నమ్ముకొనరాదు. సగం ఆరిన ముక్కలకు రాత్రికి రాత్రే తేమ చేరుతుంది.

ముక్కలు నల్లబడే వరకు వేయించడం రుచికే కాక ఆరోగ్యానికి కూడా మంచిది కాదు. పిండి పదార్థాలను 120 డిగ్రీలకు మించిన వేడిలో కాల్చినపుడు, వేయించినపుడు అక్రిలమైడ్ అనే పదార్థం ఏర్పడుతుందని స్వీడన్ శాస్త్రవేత్తలు 2002లో వెల్లడించారు. రంగు ముదిరిన కొలదీ దాని మోతాదు కూడా సాధారణముగా పెరుగుతుంది. మధుమేహం ఉన్నవారు ఇది తీపి బ్రెడ్డేనని, ఆరినంత మాత్రాన అందులోని పంచదార తగ్గదని గుర్తుంచుకొనవలెను.

నిలువ, వాడకం

పూర్తిగా చల్లారిన తరువాత గట్టి మూత గల గాజు సీసాలో గాని, స్టీలు డబ్బాలో గాని ఉంచవలెను. నెయ్యి వేసినవి వారం పది రోజులలో వాడుకొనడం మంచిది. నెయ్యి వేయక ఆరబెట్టి మాత్రమే ఉంచినవి అంతకంటే ఎక్కువకాలం నిలుస్తాయి. కావలసినపుడు కావలసినన్ని తీసి నేతిలో వేయించుకొనవచ్చును. మెత్తబడిన వాటిని సన్నని సెగ మీద ఐదు నిమిషాలు వెచ్చచేస్తే తిరిగి కరకరలాడుతాయి.

టమాటా సూపులోని పులుపుకు వీటి తీపి బాగా కుదురుతుంది. తెలుగు భోజనంలో కరకరలాడే వస్తువు స్థానం అప్పడానిది, వడియానిది కనుక పప్పన్నంలోకి వీటిని తెచ్చిపెట్టడం అనవసరం. కారం వేయకుండా, ఏలకుల పొడి చల్లి చేసినవి పండ్ల ముక్కల మీదికి బాగుంటాయి. బంగినపల్లి వంటి కోత మామిడి ఇందుకు తగినది. రసాల గుజ్జులో వేసిన ముక్కలు కొద్ది నిమిషాలలోనే నానిపోతాయి కనుక గిన్నె చేతికి ఇచ్చే ముందు మాత్రమే వేయవలెను.