నిమ్మకాయ, నిషా, నిగ్రహం



మన సంచికలో ప్రతి ఏటా యుద్ధాల మీద, వీరుల మీద మంచి వ్యాసాలు వస్తున్నాయి. నేను ఈసారి ఒక గ్లాసు చరిత్ర రాస్తున్నాను. నవ్వకండి. ఆర్మీ సర్వీస్ కోర్‌లో ఇరవై ఎనిమిదేళ్లు రేషన్ లెక్కలు చూసి, సుబేదార్‌గా దిగిపోయిన వాణ్ణి. పిండి, పప్పు, కిరోసిన్‌తో పాటు రమ్ము కూడా నా చేతి మీదుగానే ఇష్యూ అయ్యేది. కాబట్టి ఈ విషయం మీద నాలుగు మాటలు రాసే హక్కు నాకు ఉందనుకుంటాను.

ప్రస్తుతం భిలాయి పక్కన హథ్‌ఖోజ్ పారిశ్రామిక వాడలో ఒక ఫ్యాబ్రికేషన్ షెడ్డులో స్టోర్స్ చూస్తున్నాను. పోయిన శీతాకాలంలో మా అమ్మాయి, అల్లుడు అమెరికా నుంచి వచ్చారు. వాళ్లుండేది న్యూజెర్సీలోని ఎడిసన్‌లో. అల్లుడు పెట్టె విప్పి ఒక సీసా బల్ల మీద పెట్టి, "మామయ్యగారూ, ఇది మా రాష్ట్రం కంపెనీదేనండి, ఆపిల్ బ్రాందీ. మీకు రమ్ము తప్ప వేరేది తెలియదని మీ అమ్మాయి అంది" అన్నాడు. మా ఆవిడ వంటింట్లోంచి, "ఆ ఒక్కటీ తెలియకపోయినా బాగుండేది" అంది. ఆ సీసా వల్ల నేను చదివినవి, తెలుసుకున్నవి మీతో పంచుకుంటున్నాను.

ఆపిల్ నుంచి బ్రాందీ

ఆపిల్ రసం పులిస్తే సైడర్ అవుతుంది. కల్లులాంటిదే. సైడర్‌ను బట్టీ పెడితే వచ్చేది ఆపిల్ బ్రాందీ. ఫ్రాన్సులో నార్మండీ ప్రాంతం వాళ్లు దీన్నే కాల్వడోస్ అంటారు. అమెరికాలో పాత రోజుల్లో రైతులు బట్టీ కూడా లేకుండా, చలికాలంలో సైడర్ పీపాను బయట వదిలేసేవారు. నీరు ముందు గడ్డకడుతుంది. ఆ మంచు తీసేస్తే మిగిలిన ద్రవం ఘాటుగా ఉంటుంది. అది ఆపిల్‌జాక్. ఈ పద్ధతిలో చెడు పదార్థాలు కూడా అందులోనే చిక్కబడతాయి. అందుకే అది ఒంటికి మంచిది కాదు. బట్టీ అయినా గడ్డకట్టించడం అయినా ఇంట్లో చేయడం నేరం, ప్రమాదం. నేను చెప్పేది సీలు ఉన్న సీసాతో ఇంట్లో కలుపుకునే సంగతి మాత్రమే.

అల్లుడు తెచ్చిన సీసా లెయిర్డ్ కంపెనీది. న్యూజెర్సీలో మాన్‌మత్ కౌంటీ వాళ్ల కుటుంబానికి పుట్టిల్లు. కంపెనీ 1780 నాటిది. ఆ కుటుంబంలోని రాబర్ట్ లెయిర్డ్ అమెరికా స్వాతంత్ర్య యుద్ధంలో జార్జి వాషింగ్టన్ సైన్యంలో పనిచేశాడు. వాషింగ్టన్ సైనికులకు వీళ్ల ఆపిల్‌జాక్ సరఫరా అయిందని కంపెనీ చెప్పుకుంటుంది. అంటే మన సర్వీస్ కోర్ పనే! సీసా మీద వంద ప్రూఫ్ అని ఉంది. అమెరికా లెక్కలో అది 50 శాతం. మన క్యాంటీన్ రమ్ము 42.8 శాతం. ఈ తేడా గుర్తుంచుకోండి, కింద అవసరం పడుతుంది.

మొదటి మాటే హెచ్చరిక

సారాయిలో నిమ్మరసం, పంచదార కలిపి తాగడం ఎవరు మొదలుపెట్టారు? ఈ ప్రశ్న వెంట వెళితే నేను మా ఊరి దగ్గరే తేలాను. మాది రేపల్లె దగ్గర పల్లెటూరు. నిజాంపట్నం రేవు మాకు సైకిలు దూరం. ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీ వాళ్ల గ్లోబ్ అనే ఓడ 1611లో మన తీరానికి వచ్చింది. అప్పుడు వాళ్లు మచిలీపట్నంలోను, నిజాంపట్నంలోను వర్తక స్థావరాలు పెట్టుకున్నారు. నిజాంపట్నాన్ని వాళ్లు పెటపోలి అని రాసేవారు.

1632 సెప్టెంబర్ 28న రాబర్ట్ ఆడమ్స్ అనే కంపెనీ ఉద్యోగి పెటపోలిలో ఉన్న థామస్ కాలీ అనే వర్తకుడికి ఒక ఉత్తరం రాశాడు. అందరూ కలిసి ఇల్లు చక్కగా నడుపుకోండి, పంచ్ జోలికి మాత్రం పోవద్దు అని దాని సారాంశం. పంచ్ అనే పానీయం పేరు రాతలో కనబడిన అతి పాత చోటుగా పరిశోధకులు ఈ ఉత్తరాన్నే చూపిస్తారు. పంచ్ అంటే మన 'పంచ' అనే మాటే అని ఎక్కువమంది అభిప్రాయం. సారా, నిమ్మరసం, పంచదార, నీరు, మసాలా దినుసు, ఈ ఐదూ కలిస్తే పంచ్. ఓడల్లో బీరు, ద్రాక్షసారా ఎండకు పాడైపోతే, ఇక్కడ దొరికే తాటి, కొబ్బరి సారాలకు వాళ్లు అలవాటుపడ్డారు. ఇవాళ పెద్ద హోటళ్లలో ఇచ్చే నిమ్మకాయ కాక్‌టెయిళ్లన్నీ ఈ పంచ్ సంతానమే.

ఇందులో నన్ను ఆపేసిన సంగతి వేరే ఉంది. ప్రపంచ ప్రసిద్ధి చెందిన ఆ పానీయం గురించి దొరికిన మొదటి మాట "బాగుంది" అని కాదు, "వద్దు" అని. ఆ మాట వచ్చింది మన తెలుగు తీరానికి. సరిగ్గా 360 ఏళ్ల తర్వాత, 1992లో, అదే తీరంలోని నెల్లూరు జిల్లా దూబగుంటలో చదువు నేర్చుకున్న ఆడవాళ్లు సారా వద్దని తిరగబడ్డారు. వర్ధినేని రోశమ్మ గారి పేరు అప్పుడు అందరికీ తెలిసింది. 1993 అక్టోబర్ 1 నుంచి ఆంధ్రప్రదేశ్‌లో సారా నిషేధం వచ్చింది. అప్పుడు నేను కొత్త సిపాయిని. లీవులో ఇంటికి వెళితే మా అమ్మ నా ట్రంకు పెట్టె వెతికింది.

అడ్మిరల్ వెర్నన్ ఆర్డరు

బ్రిటిష్ నేవీలో ఒక్కో నావికుడికి రోజుకు అర పింటు రమ్ము ఇచ్చేవారు. మన లెక్కలో నాలుగు లార్జ్ పెగ్గులకు తక్కువ కాదు. అది కూడా నీళ్లు లేకుండా. తాగి కొట్లాటలు, తాళ్ల మీంచి పడిపోవడాలు, శిక్షలు. 1740 ఆగస్టులో అడ్మిరల్ ఎడ్వర్డ్ వెర్నన్ ఒక ఆర్డరు వేశాడు. రమ్ముకు నాలుగింతలు నీళ్లు డెక్కు మీద అందరి ఎదుట కలపాలి. ఒకేసారి కాకుండా రోజుకు రెండుసార్లుగా ఇవ్వాలి. కావాలంటే నావికులు తమ డబ్బుతో నిమ్మకాయ, పంచదార కొనుక్కుని కలుపుకోవచ్చు. వెర్నన్ వేసుకునే గ్రోగ్రమ్ గుడ్డ కోటు వల్ల ఆయన్ని 'ముసలి గ్రోగ్' అనేవారు. ఆ పానీయానికి గ్రోగ్ అనే పేరు అలా వచ్చింది. బ్రిటిష్ నేవీలో రోజువారీ రమ్ము 1970 జూలై 31న పూర్తిగా ఆగిపోయింది.

స్టోర్స్ మనిషిగా చెబుతున్నాను, వెర్నన్ గొప్పవాడు. మనిషి మానడని తెలిసినప్పుడు కొలత మార్చాడు, వేళ మార్చాడు, అందరి ఎదుట కలిపించాడు.

ఆపిల్, నిమ్మ ఒకే లైనులో

ఇంకో చిత్రమైన సంగతి. 1747 మేలో సాలిస్‌బరీ అనే యుద్ధనౌక మీద జేమ్స్ లిండ్ అనే డాక్టరు, చిగుళ్లు చీకి నీరసించి పోయే స్కర్వీ జబ్బు వచ్చిన పన్నెండుమందిని ఇద్దరిద్దరుగా ఆరు జట్లు చేశాడు. ఒక్కో జట్టుకు ఒక్కో మందు. ఒకరికి వెనిగర్, ఒకరికి సముద్రపు నీరు, ఒకరికి ఆసిడ్ చుక్కలు, ఒకరికి వెల్లుల్లి, ఆవాల ముద్ద. ఒక జట్టుకు సైడర్, ఇంకో జట్టుకు రోజూ రెండు నారింజలు, ఒక నిమ్మపండు. పళ్లు తిన్నవాళ్లు ఆరు రోజుల్లోనే కోలుకున్నారు. ఒకడు డ్యూటీకి ఎక్కాడు, రెండోవాడు మిగిలినవాళ్లకు నర్సుగా పనిచేశాడు. రెండో స్థానం సైడర్‌ది! అంటే ఆ రోజు కొంచెమైనా పనిచేసినవి నిమ్మజాతి పళ్లు, ఆపిల్ రసం రెండే.

అయినా నేవీ అందరికీ నిమ్మరసం ఇవ్వాలని ఆర్డరు వేసింది 1795లో. లిండ్ 1794లోనే చనిపోయాడు. ఫైలు కదలడం అప్పుడూ అంతే! తర్వాత 1860ల్లో పెద్ద నిమ్మపండ్లకు బదులు వెస్టిండీస్ చిన్న నిమ్మకాయల రసం పెట్టారు. వాటిలో విటమిన్ సి చాలా తక్కువ. 1875లో ఉత్తర ధ్రువం వైపు వెళ్లిన నేర్స్ దళానికి మళ్లీ స్కర్వీ వచ్చింది. సరుకు పేరు ఒకటే అయినా గుణం వేరు. మన కాగితపు నిమ్మ ఆ చిన్న నిమ్మ వర్గానిదే.

మా హవల్దార్

ఇక్కడ ఒక సొంత విషయం చెప్పాలి. ఎత్తైన పోస్టింగులో మా సప్లై ప్లాటూన్‌లో మా జిల్లా హవల్దార్ ఒకాయన ఉండేవారు. పనిలో పులి. సాయంత్రం రమ్ము ఇష్యూ అయ్యాక నా వాటా కూడా ఆయన మగ్గులోనే పోసేవాణ్ణి. అప్పట్లో నాకు అంత అలవాటు లేదు. అది స్నేహం అనుకున్నాను. మందు ఒంటికి వేడి ఇస్తుందని అందరిలాగే నేనూ నమ్మాను. నిజానికి అది చర్మంలోని రక్తనాళాలు విప్పుతుంది. పైకి వెచ్చగా అనిపిస్తుంది, లోపలి వేడి బయటికి పోతుంది.

ఆయన రిటైరై ఊరికి వెళ్లారు. క్యాంటీన్ సీసా నెల నిండకముందే అయిపోయేది. నీళ్లు లేవు, కొలత లేదు, వేళ లేదు. లివర్ పోయింది. నేను పరామర్శకు వెళ్లినప్పుడు ఆయన భార్య ఒకటే మాట అన్నారు. "అన్నయ్యగారూ, ఆయన్ని మంచు ఏమీ చేయలేదు. ఇంటికొచ్చాక సీసా చేసింది." నా వాటా సంగతి ఆవిడకు చెప్పలేకపోయాను. ఇక్కడ మొదటిసారి రాస్తున్నాను.

ఇంట్లో కలుపుకునే విధానం

ఆపిల్ బ్రాందీ, నిమ్మరసం, దానిమ్మ పాకం కలిపితే జాక్ రోజ్ అంటారు. ఆపిల్‌జాక్‌లోని జాక్, రంగు వల్ల రోజ్. 1905లో ఒక అమెరికా పత్రిక దీన్ని న్యూజెర్సీ బార్‌లో పనిచేసే ఫ్రాంక్ మే అనే ఆయన కనిపెట్టాడని రాసింది.

ముందు పాకం. రెండు దానిమ్మకాయలు వలిచి, గింజలు నలగకుండా రసం తీసి వడగట్టాలి. రసం ఎంతో పంచదార అంతే. సన్న సెగ మీద కరిగేదాకా కలిపి దించేయాలి, తీగపాకం రానివ్వకూడదు. ఫ్రిజ్‌లో రెండు వారాలు ఉంటుంది. మొదటిసారి నేను బద్ధకించి బజారు రోజ్ షర్బత్ పోశాను. తలనూనె వాసన వచ్చింది. అల్లుడు మర్యాదకు తాగాడు.

ఒక గ్లాసుకు కొలత: ఆపిల్ బ్రాందీ 45 మిల్లీలీటర్లు, నిమ్మరసం 20, దానిమ్మ పాకం 15. వంద ప్రూఫ్ సీసా కాబట్టి లార్జ్ వద్దు, 45 చాలు. రసం అప్పటికప్పుడు పిండాలి. తొక్క గట్టిగా నలిపితే చేదు దిగుతుంది. మూత గట్టిగా ఉన్న స్టీలు డబ్బాలో ఇవన్నీ పోసి, సగానికి పైగా ఐసుగడ్డలు వేసి, పదిహేను సెకన్లు బాగా కుదపాలి. డబ్బా బయట తేమ పడితే అయినట్టు. టీ వడకట్టుతో చిన్న గ్లాసులోకి వంచాలి. కుదిపేటప్పుడు కరిగిన ఐసు నీరే వెర్నన్ నీళ్లు. అది తగ్గితే గొంతు మండుతుంది.

ఆపిల్ బ్రాందీ మన ఊళ్లలో దొరకడం కష్టం. మామూలు బ్రాందీ 45కి తియ్యదనం లేని ఆపిల్ రసం 20 కలిపి, పాకం 10కి తగ్గిస్తే దగ్గరగా వస్తుంది. మందు ముట్టనివారు ఆపిల్ రసం, నిమ్మ, దానిమ్మ పాకం, సోడాతో చేసుకోండి. మా ఆవిడకు అదే నచ్చింది. నిజం చెప్పాలంటే హథ్‌ఖోజ్ ఎండకు అదే మేలు. డాక్టరు వద్దన్నవారు, బీపీ, షుగరు మందులు వాడేవారు, మానేసినవారు దయచేసి ఈ రెండో రకంతోనే ఆగండి.

ముగింపు

ఈ గ్లాసు తయారు కావడానికి పావుగంట పడుతుంది. దానిమ్మ వలవాలి, నిమ్మకాయ పిండాలి, కొలవాలి, కుదపాలి, తర్వాత డబ్బా కడగాలి. రెండోది కలపాలంటే మళ్లీ ఇదంతా చేయాలి. నేను చేయను. ఆదివారం రాత్రి భోజనానికి ముందు ఒకటి, ఇంట్లో వాళ్ల ఎదుట, అంతే. అల్లుడు తెచ్చిన సీసా ఏడాది దగ్గర పడుతున్నా ఇంకా మూడో వంతు ఉంది. నా జీవితంలో ఏ సీసా ఇంతకాలం నిలవలేదు.

1632లో నిజాంపట్నం వాళ్లకు వచ్చిన ఉత్తరం నా హవల్దార్‌కు నేను రాయాల్సింది. రాయలేదు, పైగా నా వాటా పోశాను. మీ పక్కన ఎవరైనా సీసా నెల నిండకముందే ఖాళీ చేస్తుంటే మీ వాటా ఆయనకు ఇవ్వకండి. ఇంటికి పిలవండి, నిమ్మకాయ పిండి ఇవ్వండి, మాట్లాడండి.

జై హింద్.