మీటల మీది వెలుగు ఎవరిది?

చాలాకాలానికి మళ్ళీ టపా వ్రాస్తున్నాను. ఛందస్సు గురించో జాతీయాల గురించో వ్రాసి ఉంటానని వచ్చినవారు మన్నించాలి. ఈసారి విషయం కంప్యూటరు మీటల క్రింద వెలిగే రంగుదీపాల చరిత్ర. బడిపంతులుగా పదవీవిరమణ చేసినవాడికి ఈ దీపాల గొడవ ఏమిటంటారా? కారణం ఉంది.

ఎల్.బి.నగర్‌లోని మా ఇంట్లో కంప్యూటరు ఒక్కటే. అది నాకూ, ఇంటర్మీడియట్ చదువుతున్న మా మనవడికీ ఉమ్మడి ఆస్తి. సాయంత్రం వాడు మెట్రో ఎక్కి మూడో స్టేషనైన దిల్‌సుఖ్‌నగర్‌లో దిగి కోచింగుకు వెళతాడు. ఆ రెండు గంటలూ కుర్చీ నాది. మా నాన్నగారు ఏళ్ళ తరబడి నోటుపుస్తకాలలో వ్రాసిపెట్టుకున్న సేద్యపు మాటలనూ, చేతివృత్తుల మాటలనూ యూనికోడులోకి ఎక్కిస్తున్నాను. పుస్తకాలలో సిరా వెలిసిపోతున్నది, నా చూపూ మందగిస్తున్నది. ఈ రెండింటిలో ఏది ముందు చెల్లిపోతుందో తెలియదు కనుక తొందర పడుతున్నాను.

నేను 2007లో బ్లాగు మొదలుపెట్టినప్పుడు మనలో చాలామందివలెనే లేఖినిలో వ్రాసేవాణ్ణి. దాని మేలు మరువరానిది. అయితే ముప్ఫై ఏళ్ళు వర్ణమాల చెప్పినవాడికి, తెలుగు 'క' కోసం ఆంగ్లాక్షరాలు రెండు నొక్కడం ఎందుకో మింగుడుపడలేదు. అందుకని ఇన్‌స్క్రిప్టు నేర్చుకున్నాను. భారత ప్రభుత్వ ఎలక్ట్రానిక్స్ శాఖ 1986లో దీనిని ప్రమాణంగా నిర్ణయించి, 1988లో సవరించగా, 1991లో భారతీయ ప్రమాణాల సంస్థ వారి ఐ.ఎస్. 13194లో ఇది చోటు చేసుకొన్నది. అచ్చులు ఎడమచేతికి, హల్లులు కుడిచేతికి. ఇంతవరకు అందరూ చెప్పేదే. కొంతకాలం వాడిన తరువాత నాకు దానిలో మరొక అందం కనబడింది.

వేళ్ళు ఆనుకొని ఉండే నడిమి వరుసలో క, చ, ట, త, ప అనే పరుషాలు ఉంటాయి. ఒక్కొక్క పరుషానికి సరిగ్గా ఎడమవైపు పైమీటలో దాని సరళం కూర్చుని ఉంటుంది. క మీద గ, త మీద ద, ప మీద బ. 'చూచెను' తరువాత వచ్చిన కొండ గొండ అయినట్లు, వేలు ఒక్క మెట్టు ఎక్కితే చాలు. ఎడమచేతి వైపు చూస్తే హ్రస్వం మీద దీర్ఘం: ఇ మీద ఈ, ఉ మీద ఊ. ఏ మీద ఐ, ఓ మీద ఔ, అనగా గుణం మీద వృద్ధి. ఈ అమరిక చేసినవారెవరో గాని, వ్యాకరణం చదివిన చేతికి ఇది అచ్చంగా సంధిపాఠం.

ఈ సంగతి మా మనవడికి చెప్పగా వాడు ఊరుకోలేదు. వాడి కీబోర్డులో ప్రతి మీట క్రిందా రంగు మార్చగల దీపం ఉంది. "రంగులు వేద్దాం తాతయ్యా, నీకు వెదుక్కునే పని ఉండదు" అన్నాడు. అచ్చులకు ఆకుపచ్చ, పరుషాలకు ఎరుపు, సరళాలకు పసుపు, తక్కిన హల్లులకు తెలుపు, పొల్లుకు నీలం. ఒక ఆదివారమంతా కూర్చుని తాతామనవలం ఆ పని చేశాం. మీటల మీద అతికించుకున్న కాగితపు తెలుగక్షరాలు చెమటకు చెరిగిపోయి ఎన్నాళ్ళో అయింది. ఈ రంగులతో నా వేగం రెట్టింపైంది.

మర్నాడు వాడు తన ఆట తెరిచాడు. రంగులన్నీ ఆరిపోయాయి! ఎడమచేతి క్రింద నాలుగు మీటలు మాత్రం ఎర్రగా మిగిలాయి. అవి ఆంగ్లంలో డబ్ల్యు, ఏ, ఎస్, డి. ఆటలో మనిషిని నడిపించేవి. తెలుగులో ఐ, ఓ, ఏ, పొల్లు. ఈ నాలుగింటితో 'ఓ' అనీ 'ఏ' అనీ కేకలు వేయవచ్చు గాని మాట ఒకటి కట్టలేము. వాడు ఆటను మూయకుండా క్రిందికి దించి కోచింగుకు పరుగెత్తేవాడు, నేను వచ్చి కూర్చునేసరికి ఈ నాలుగు దీపాలే నన్ను పలకరించేవి. నేను పెట్టుకున్న దీపాన్ని మరొకరు ఆర్పే అధికారం ఎక్కడినుంచి వచ్చింది? ఆ ప్రశ్నే నన్ను చరిత్రలోకి నడిపించింది.

టైపుమిషను కాలంలో మీటలకు దీపం లేదు. మీటలు చూడకుండా కొట్టడమే అక్కడి విద్య. దానికి గుర్తుగానే నేటికీ ఎఫ్, జె మీటల మీద చిన్న గీటు ఉబ్బెత్తుగా ఉంటుంది. (ఇన్‌స్క్రిప్టులో ఆ రెండూ కలిపితే 'రి' అవుతుంది, అదొక ముచ్చట.) మీటలకు వెలుగు అవసరమైనది ఒళ్ళో పెట్టుకుని చీకటిలోనూ వాడే కంప్యూటర్లు వచ్చాక. 2003లో ఆపిల్ సంస్థ పదిహేడు అంగుళాల పవర్‌బుక్‌లో మీటల క్రింద వెలుగు అమర్చి, గదిలో వెలుతురు తగ్గినప్పుడు తనంతట తానే వెలిగేటట్లు చేసింది. అంటే మొదట్లో ఆ దీపం చదువరి కోసం పెట్టినది, మన చావడిలో చదువుకునేవాడి ప్రక్కన పెట్టిన లాంతరు వంటిది.

ఆ త్రోవలోనే మాస్కోలోని ఆర్ట్ లెబెదెవ్ స్టూడియో మరొక కల కన్నది. 2005లో నమూనా చూపి 2008లో అమ్మకానికి తెచ్చిన వారి ఆప్టిమస్ మాక్సిమస్‌లో 113 మీటలు, ప్రతి మీటా ఒక చిన్న తెర. రష్యన్ భాష ఎంచుకుంటే మీటల మీద రష్యన్ అక్షరాలే కనబడతాయి. అటువంటి మీటల మీద మన అక్షరాలు వెలిగితే ఎలా ఉంటుందా అని నేనూ ఊహించుకున్నాను. వెల పదిహేను వందల డాలర్ల పైమాట కనుక ఊహతోనే సరిపెట్టుకున్నాను. అది నిలదొక్కుకోలేదు. నిలిచి ఉంటే ఈ టపా అవసరం ఉండేది కాదు.

నిలిచినది రంగుదీపం. ఎర్రదీపపు ఎల్.ఇ.డి. 1962నాటికే ఉంది, ఆకుపచ్చది కూడ కొద్దికాలానికి వచ్చింది. కొరత అంతా నీలానిది. నీలం లేనిదే తెలుపు లేదు, రంగుల కలయిక లేదు. జపానులో అకసాకి, అమానో, నకమురా ఆ నీలాన్ని సాధించారు. నకమురా నిచియా అనే సంస్థలో పనిచేస్తూ 1993లో కాంతివంతమైన నీలదీపాన్ని లోకానికి చూపాడు. ఈ ముగ్గురికీ భౌతికశాస్త్రంలో నోబెల్ బహుమతి 2014లో వచ్చింది. ఆ ఏడే కోర్సెయిర్, రేజర్ సంస్థలు ప్రతి మీటకూ వేరువేరు రంగు పెట్టుకోగల కీబోర్డులను ఆటగాళ్ళకోసం బజారులోకి తెచ్చాయి. ఎరుపు, ఆకుపచ్చ, నీలం ఒక్కొక్కటి 256 మెట్లు, గుణిస్తే 1,67,77,216 రంగులు. నాకు అయిదు చాలు.

చిక్కు ఇక్కడే మొదలైంది. దీపాలు రంగులు మార్చగలవు కనుక ఆటే వాటిని నడిపితే బాగుంటుందని తయారీదారులకు తోచింది. ఆట వ్రాసేవారికి ఎస్‌డీకే అనే పనిముట్ల మూట ఇచ్చారు. దానిద్వారా ఆట, దీపాలను నడిపే సాఫ్ట్‌వేరును "కాసేపు అధికారం నాకివ్వు" అని అడుగుతుంది, అది ఇచ్చివేస్తుంది. మనం వేసిన రంగులు చెరిగిపోవు, అడుగున పొరగా ఉంటాయి. వాటిపై ఆట తన పొర పరుస్తుంది. 2016లో వచ్చిన ఓవర్‌వాచ్ అనే ఆటలో పాత్ర మారితే రేజర్ కీబోర్డు రంగూ మారేది. ఇది ముచ్చటే, కాదనను. నాటకానికి రంగదీపాలు ఉండవద్దని ఎవరంటారు? అయితే నాటకంవారు ప్రక్కింటివాడి లాంతరు కూడ లాక్కుపోతే ఎలాగ?

పరిష్కారానికి వస్తే, అధికారం ఒక్కచోట లేదు. ఈ సంగతి తెలియక వారం రోజులు తిప్పలు పడ్డాం. మొదట చూడవలసినది ఆట సెట్టింగులే. చాలా ఆటలలో కీబోర్డు దీపాల మాట అక్కడే ఉంటుంది, దానిని ఆపవచ్చు. మా మనవడు ఆపాడు, ఫలితం లేదు. తరువాతది దీపాలను నడిపే సాఫ్ట్‌వేరు. లాజిటెక్ వారి పాత గేమింగ్ సాఫ్ట్‌వేరులో ఆటలు దీపాలను నడపవచ్చునా అని అడిగే గడి ఉండేది. రేజర్ సినాప్స్‌లో క్రోమా యాప్‌ల పట్టిక, కోర్సెయిర్ ఐక్యూలో ఎస్‌డీకే అనుమతి ఇటువంటివే. మా కీబోర్డులో దానినీ ఆపాం. అప్పుడూ నాలుగు దీపాలే!

నిజమైన దోషి మరొకటి. ఆట తెరుచుకున్నదని పసిగట్టి, ఆట ఏమీ అడగకపోయినా, సాఫ్ట్‌వేరు తానే ఆ ఆట పేరుతో దాచి ఉన్న మరొక ప్రొఫైలుకు మారుతున్నది. ఆట తన దీపాలు తెచ్చుకోవడం వేరు, సాఫ్ట్‌వేరు ఆట పేరు చెప్పి మన దీపాలు తీసివేయడం వేరు. ఈ రెండూ ఒకటే అనుకోవడం వల్లనే చాలామంది విసిగిపోతారు. ఆ ఆట ప్రొఫైలును తీసివేసి, మా రంగుల ప్రొఫైలును ఎప్పుడూ అదే ఉండేటట్లు స్థిరం చేసిన తరువాత గాని గుణమూ వృద్ధీ తమ రంగులలోకి రాలేదు.

2023 నుంచి విండోస్ 11లోనూ ఒక తాళంచెవి ఉన్నది. సెట్టింగులలో పర్సనలైజేషన్ క్రింద డైనమిక్ లైటింగ్ అనే పుట తెరిస్తే, తెరమీద ముందున్న యాప్‌కే దీపాల అధికారం ఇచ్చే మీట కనబడుతుంది. దానికి లోబడే కీబోర్డు మీదైతే దానినీ ఆపాలి. ఇంకొక ఉపాయం, రంగులను కీబోర్డు సొంత జ్ఞాపకంలోనే దాచి, సాఫ్ట్‌వేరును నడవనివ్వకపోవడం. అన్ని కీబోర్డులూ మీటమీటకూ వేరు రంగు దాచుకోలేవు, కొనేముందే అడగాలి. ఆట ఫోల్డరులోని ఎస్‌డీకే ఫైలును చెరిపివేసేవారూ ఉన్నారు. నేను చెప్పను. ఆట మళ్ళీ సరిచూసుకున్నప్పుడు ఆ ఫైలు తిరిగి వస్తుంది, పైగా మోసగాళ్ళను పట్టే కావలి సాఫ్ట్‌వేరుకు అనుమానం వచ్చినా రావచ్చు.

అంతా అయిన తరువాత మనవడికి అన్యాయం చేశానేమోనని బెంగ పట్టుకున్నది. "నీ ఆట రంగులు పోయాయి గదరా, ఏమైనా వెలితిగా ఉందా?" అని అడిగాను.

"ఆడేటప్పుడు మీటలు ఎవరు చూస్తారు తాతయ్యా, తెర చూస్తాం గానీ" అన్నాడు.

మరి ఇన్నాళ్ళూ ఆ దీపాలు వెలిగింది ఎవరికోసమో! నిన్న సాయంత్రం వాడి ఆట క్రింద నడుస్తూనే ఉన్నది, మీటలు మా రంగులలోనే ఉన్నాయి. నాన్నగారి పట్టికలో మకారం దాకా వచ్చాను. మేడి, మోకు, మోట అయినవి. ఇంకా రెండు నోటుపుస్తకాలున్నాయి.