శ్యామ్ బెనగల్ హాస్య చిత్రాలు: డాక్యుమెంటరీ మూలాలు

తెలుగు సినిమా చరిత్రలను సాధారణంగా భాషను ప్రమాణంగా తీసుకొని రాస్తారు. అందువల్ల 1934 డిసెంబరు 14న తిరుమలగిరిలో జన్మించి, నిజాం కళాశాలలో చదివిన శ్యామ్ బెనగల్‌కు వాటిలో ప్రధానంగా ‘అనుగ్రహం’ (1978) మేరకే చోటు దక్కుతున్నది. సమాంతర సినిమా విమర్శ ఆయనను ‘అంకుర్’ (1974), ‘నిశాంత్’ (1975) చిత్రాల గంభీర దర్శకునిగా స్థిరపరచింది. ఈ రెండు వర్గీకరణల నడుమ ఆయన హాస్య చిత్రాలు మరుగునపడ్డాయి. వాటి మూలాలను ఆయన డాక్యుమెంటరీ కృషిలో వెదకవలసి ఉన్నది.

బొంబాయి ప్రకటనల రంగంలో పనిచేస్తూ బెనగల్ 1962లో ‘ఘేర్ బేఠా గంగా’ అనే గుజరాతీ డాక్యుమెంటరీతో చిత్రనిర్మాణం ప్రారంభించారు. వ్యవస్థలు పనిచేసే తీరును దగ్గరగా గమనించే దృష్టి ఆయన కథాచిత్రాలలోనూ కొనసాగింది. నిర్మాణ స్వాతంత్ర్యానికి కూడా ఆయన వాణిజ్య చిత్రసీమ వెలుపలే ఆధారాలు వెదుక్కున్నారు. ‘మంథన్’ (1976)కు గుజరాత్ పాల ఉత్పత్తిదారులు ఐదు లక్షల మంది తలా 2 రూపాయలు సమకూర్చారు. పోచంపల్లి నేతకారుల జీవితాన్ని చిత్రించిన ‘సుస్మన్’ (1987)కు చేనేత సహకార సంఘాలు అండగా నిలిచాయి.

హాస్యం ఆయన మలిదశలో చేరిన అంశం కాదు. హబీబ్ తన్వీర్ నాటకం ఆధారంగా ‘చరణ్‌దాస్ చోర్’ 1975లోనే వచ్చింది. ‘మండీ’ (1983)లో వేశ్యాగృహాన్ని ఊరి వెలుపలికి తరలిస్తే, ఊరే దానిచుట్టూ పెరుగుతుంది. ఆ వెంటనే నెహ్రూపై, సత్యజిత్ రాయ్‌పై ఆయన తీసిన డాక్యుమెంటరీలు వెలువడ్డాయి.

‘వెల్ డన్ అబ్బా’ (2009)లో ఈ రెండు ధోరణులు ఏకమయ్యాయి. హైదరాబాదు రచయిత్రి జీలానీ బానో కథ దీని ఆధారాలలో ఒకటి. ప్రభుత్వ పథకం కింద మంజూరైన బావి సొమ్ము లంచాలకే కరిగిపోతుంది. కాగితాల మీద మాత్రం బావి పూర్తవుతుంది. దాంతో బావి చోరీ అయిందని ఫిర్యాదు నమోదవుతుంది. ఇక్కడ నవ్వు పుట్టేది అతిశయోక్తి నుంచి కాదు, దస్త్రాన్ని అక్షరాలా నమ్మడం నుంచి. డాక్యుమెంటరీకి ప్రాణమైన రుజువునే బెనగల్ ప్రహసనానికి ఆయుధం చేశారు. బావికో బోరుకో అప్పు చేసిన ప్రకాశం మెట్ట రైతుకు ఈ వ్యంగ్యం వివరించనక్కరలేదు.

ఈ కృషికి పరిమితి లేకపోలేదు. ఆయన చూపిన తెలుగు పల్లె ఎక్కువగా హిందీ, దక్కనీలలోనే మాట్లాడింది. అయితే భాష పేరిట ఈ చిత్రాలను పక్కనపెడితే తెలుగు గ్రామపాలన మీద వచ్చిన ఒక పదునైన విమర్శ మన చలనచిత్ర చరిత్రకు దూరమవుతుంది. భాషతోపాటు ప్రాంతాన్నీ ప్రమాణంగా గ్రహించినప్పుడే ఆ లోటు తీరుతుంది.