ఓడలకెక్కిన నేల

ఫిజీ దేశంలో రంబి అనే దీవి ఉంది. అక్కడి నాలుగు ఊళ్ల పేర్లు తబ్వేవా, ఉమా, తబియాంగ్, బువాకోనికాయ్. వీటిలో ఒక్కటీ ఫిజీ పేరు కాదు. ఇవే పేర్లతో నాలుగు ఊళ్లు అక్కడికి 2,000 కిలోమీటర్లకు పైగా దూరంలో, భూమధ్యరేఖకు కాస్త దిగువన ఉన్న బనాబా దీవిలో ఉండేవి. ఆ బనాబా ఇప్పుడు వేరే దేశంలో ఉంది. కిరిబాటి అని రాసి కిరిబాస్ అని పలికే దేశం అది. మనుషులు రంబికి వస్తూ ఊళ్ల పేర్లు వెంట తెచ్చుకున్నారు. వాళ్ల నేల మాత్రం ఓడలకెక్కి ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ పొలాలకు వెళ్లిపోయింది.

బనాబా ఆరు చదరపు కిలోమీటర్లు మాత్రమే. వాగు లేదు, చెరువు లేదు. వాన కురిస్తేనే నీళ్లు. కురవకపోతే నేల కింద గుహలున్నాయి. బంగబంగ అంటారు వాటిని. పాకుతూ తప్ప పోలేని ఆ చీకటి దారుల్లోకి ఆడవాళ్లే దిగేవారు, కొబ్బరి చిప్పల్లో నీళ్లు ముంచి తెచ్చేవారు. ఏ గుహలో ఎవరికి హక్కు ఉందో తరతరాలుగా ఆడవాళ్లకే తెలుసు. 1870లలో వచ్చిన కరువుకు దీవిలో చాలామంది పోయారు. మిగిలినవాళ్లను నిలబెట్టినవి ఈ గుహలే. వాళ్ల భాషలో ‘తె అబ’ అన్నమాటకు నేల అనీ అర్థమే, జనం అనీ అర్థమే. తవ్వకం కోసం తర్వాత జరిగిన మొదటి ఒప్పందం ఇంగ్లీషులో రాసినదే. ఇంగ్లీషులో ఈ రెంటికీ వేరువేరు మాటలు.

1899లో సిడ్నీలోని పసిఫిక్ ఐలాండ్స్ కంపెనీ ఆఫీసులో తలుపు కొట్టుకోకుండా ఒక రాయి అడ్డం పెట్టి ఉండేది. నౌరు దీవి నుంచి ఎవరో తెచ్చిన రాయి. అది రాయిగా మారిన కొయ్య అనుకునేవారు. ఆల్బర్ట్ ఎల్లిస్ అనే ఉద్యోగికి అనుమానం వచ్చి ముక్క కొట్టి పరీక్ష చేశాడు. మేలురకం ఫాస్ఫేట్. మన రైతు దుకాణంలో ‘సూపర్’ అని అడిగి తెచ్చుకునే బస్తాకు సారం ఆ ఫాస్ఫేటే. భాస్వరం తక్కువైన ఆస్ట్రేలియా నేలల్లో గోధుమ పండాలన్నా, గొర్రెకు మేత పెరగాలన్నా అది కావాలి. నౌరు అప్పటికి జర్మనీ చేతిలో ఉంది. దాని పక్కదీవిలోనూ ఇదే రాయి ఉండొచ్చని ఎల్లిస్ ఊహించాడు. నౌరుకు తూర్పున సుమారు 300 కిలోమీటర్ల దూరంలో ఉన్న ఆ పక్కదీవే బనాబా.

1900 మే 3న అతను బనాబాలో దిగాడు. అదేరోజు కాగితం సిద్ధమైంది. దీవి మొత్తంలో ఫాస్ఫేట్ తవ్వుకునే హక్కు 999 ఏళ్ల పాటు కంపెనీది. అందుకు ప్రతిఫలం ఏడాదికి 50 పౌన్లు, లేదా ఆ విలువకు సరుకులు. దీవి తరఫున ముద్ర వేసిన పెద్దను కాగితంలో ‘రాజు’ అని రాసుకున్నారు. బనాబాకు రాజు అనేవాడు ఎన్నడూ లేడు. అక్కడ ఎవరి చెక్క నేల వారిదే, ఒకరి నేలను ఇంకొకరు ఇచ్చే అధికారమే లేదు. ఆ ఏడాదే తవ్వకం మొదలైంది, మరుసటి ఏడాది బ్రిటన్ దీవిని అధికారికంగా తనలో కలుపుకుంది. జెండా కంటే ముందు పలుగు దిగిన చోటు ఇది. ఈ వరస గుర్తుంచుకుంటే మిగతా కథంతా తేలిగ్గా అర్థమవుతుంది.

1920లో బ్రిటన్, ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ ప్రభుత్వాలు ఫాస్ఫేట్ వ్యాపారాన్ని కొని, బ్రిటిష్ ఫాస్ఫేట్ కమిషనర్స్ పేరుతో తామే నడిపాయి. ఖనిజాన్ని తమ రైతులకు తవ్వకం ఖర్చుకే ఇచ్చుకున్నాయి. బయటి బజారు ధరకు అమ్మితే బనాబాకు దక్కాల్సింది ఆ రైతులకు మిగిలింది. అమ్మేవాడూ కొనేవాడూ ఒక్కడే అయితే ధర ఎవరు అడుగుతారు?

1920ల చివర మరో 150 ఎకరాలు కావాలని అడిగితే బనాబావాళ్లు ఇచ్చేది లేదన్నారు. ఇవ్వకపోయినా తీసుకునేలా 1928లో చట్టం వచ్చింది. అప్పుడు రెసిడెంట్ కమిషనర్, అంటే అక్కడి బ్రిటిష్ పాలనాధికారి, ఆర్థర్ గ్రింబుల్. ఈ దీవుల మీద ఆయన తర్వాత రాసిన ‘ఎ ప్యాటర్న్ ఆఫ్ ఐలాండ్స్’ అనే జ్ఞాపకాల పుస్తకాన్ని బ్రిటన్‌లో ఎందరో ఇష్టంగా చదివారు. దీవుల భాష వచ్చినవాడు, వాళ్ల పాటలు, కథలు సేకరించినవాడు. అదే మనిషి, అదే భాషలో, 1928 ఆగస్టులో బువాకోనికాయ్ జనానికి ఉత్తరం రాశాడు. సంతకం పెడితే బతుకు, పెట్టకపోతే చావు అన్నదే దాని సారాంశం. భాష తెలియని అధికారి బెదిరింపు కంటే మన భాష నేర్చుకున్నవాడి బెదిరింపు లోతుగా దిగుతుందని నాకు అనిపిస్తుంది. చివరికి నేల తీసుకున్నారు. చెట్లు నరకడానికి వచ్చినప్పుడు ఆడవాళ్లు కొబ్బరి మానులను వాటేసుకుని నిలబడ్డారు.

1942 ఆగస్టులో జపాన్ సైన్యం వచ్చింది. బనాబా కుటుంబాలను కోస్రే, నౌరు, తరావా దీవులకు చెదరగొట్టింది. పనికోసం నూటయాభై మందికి దగ్గరగా మగవాళ్లను దీవిలో ఉంచుకుంది. జపాన్ లొంగిపోయిన వార్త వచ్చాక, 1945 ఆగస్టులో, వాళ్లను కొండ అంచుకు తీసుకెళ్లి చంపేశారు. కబునారే అనే ఒక్కడు బతికాడు. యుద్ధం ముగిసిందని తెలియక నెలల తరబడి గుహలో దాక్కుని, బయటికొచ్చి, తర్వాత యుద్ధనేరాల విచారణలో సాక్ష్యం చెప్పాడు.

చెదిరినవాళ్లను పోగుచేసిన బ్రిటిష్ అధికారులు, మీ దీవి పాడైపోయింది, ఉండడానికి వీల్లేదు అన్నారు. తవ్వకం మాత్రం మళ్లీ మొదలుపెట్టారు. రంబిని యుద్ధం మధ్యలోనే లీవర్ సంస్థ నుంచి 25,000 పౌన్లకు కొని ఉంచారు. ఆ డబ్బు బనాబావాళ్లదే, వాళ్ల ఫాస్ఫేట్ నిధి నుంచి తీసిందే. 1945 డిసెంబరు 15న సుమారు వెయ్యిమంది రంబి ఒడ్డున దిగారు. వాళ్లకు ఇచ్చింది గుడారాలు, రెండు నెలల తిండి. అది తుపాన్ల కాలం. భూమధ్యరేఖ దగ్గర పుట్టినవాళ్లకు ఆ చలి కొత్త. పిల్లలు, ముసలివాళ్లు కొందరు ఆ మొదటి నెలల్లోనే పోయారు.

రంబి పెద్ద రోటన్ టిటో, ఆయనతోటివాళ్లు 1971లో లండన్‌లో దావా వేశారు. హైకోర్టు విచారణ 200 రోజులకు పైగా సాగింది. జడ్జి మెగారీ స్వయంగా బనాబాకు వెళ్లి, మట్టి పోయాక మిగిలిన సున్నపురాతి మొనల మధ్య నడిచి చూశాడు. 1976లో తీర్పు వచ్చింది. బనాబావాళ్లకు అన్యాయం జరిగిందని జడ్జి గ్రహించాడు. కానీ వాళ్లపట్ల ప్రభుత్వానిది కోర్టు అమలు చేయించగల ధర్మకర్త బాధ్యత కాదన్నాడు. తవ్విన చోట చెట్లు నాటుతామని 1913లో ఇచ్చిన మాట తప్పినందుకు దక్కింది చిన్న మొత్తం. ఆ తర్వాత ప్రభుత్వాలు దయతో ఇస్తున్నామంటూ కోటి ఆస్ట్రేలియన్ డాలర్లు చూపించాయి. హక్కు అడగడానికి వెళ్లినవాళ్ల చేతిలో దయ పెట్టడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

డబ్బు లెక్క ఇంకోవైపు చిక్కు వేసింది. బనాబాను కలుపుకున్న గిల్బర్ట్, ఎల్లిస్ దీవుల బ్రిటిష్ కాలనీ పాలన చాలావరకు బనాబా ఫాస్ఫేట్ మీదే నడిచింది. 1970ల నాటికి ఆ రాబడిలో కాలనీ ఖజానాకు 85 శాతం, బనాబావాళ్లకు 15 శాతం. గిల్బర్ట్ దీవుల బడులకు, ఆసుపత్రులకు ఆ డబ్బే ఆధారం. బనాబాను విడదీసి మాకివ్వండని రంబివాళ్లు అడిగితే, కాబోయే దేశం వదులుకోనంది. అన్యాయం చేసినవాడు తప్పుకుని, నష్టపోయిన ఇద్దరినీ ఒకరికొకరు ఎదురుగా నిలబెట్టాడు. 1979 జులై 12న గిల్బర్ట్ దీవులు కిరిబాస్ పేరుతో స్వతంత్రమయ్యాయి. అదే ఏడాది బనాబాలో తవ్వకం ఆగింది. అప్పటికి 2 కోట్ల టన్నులకు పైగా ఓడలకెక్కింది.

రాజ్యాంగం రాసినప్పుడు బనాబాకు పార్లమెంటులో ఒక స్థానం, రంబి కౌన్సిల్ పంపే ప్రతినిధికి ఇంకొకటి కేటాయించారు. ఫిజీలో ఉంటున్నవాళ్ల ప్రతినిధి కిరిబాస్ రాజధాని తరావాకు వెళ్లి చట్టసభలో కూర్చుంటాడు. బనాబా మీద ఇప్పుడు సుమారు 300 మంది ఉన్నారు, తవ్వినవాళ్లు వదిలేసిన తుప్పుపట్టిన షెడ్ల మధ్య. రంబిలో ఏటా డిసెంబరు 15న పెద్దలు తమవాళ్లు దిగిన రోజును తలుచుకుంటారు, కుర్రవాళ్లు ఆ చరిత్రను నాట్యంగా ఆడతారు.

కిరిబాస్‌లో తక్కిన దీవులు చాలావరకు సముద్రానికి రెండు మూడు మీటర్ల ఎత్తున ఉండే పగడపు దిబ్బలు. దేశంలో ఎత్తైన చోటు, 80 మీటర్ల వరకు లేచిన చోటు, బనాబా ఒక్కటే. అక్కడ కాలు నిలుపుకునేందుకు మట్టి మిగల్లేదు. 2014లో కిరిబాస్ ప్రభుత్వం సముద్రం పెరుగుతోందన్న భయంతో ఫిజీలోని వనువా లేవు దీవిలో సుమారు 20 చదరపు కిలోమీటర్ల భూమి కొన్నది. వనువా లేవు ఒడ్డుకు దగ్గరలోనే రంబి ఉంటుంది.