దర్యా బుర్ద్, దర్యా బరామద్: మన గోదారి జజీరాల తారీఖ్

అరబ్బుల పాత జుగ్రాఫియా కితాబుల్లో అజాయిబ్‌కి, అంటే వింతలకి, కొదవ ఉండదు. వాఖ్‌వాఖ్ అనే జజీరాల్లో మనుషుల ఆకారంలో కాయలు కాసే చెట్లున్నాయని, అవి పండి రాలేటప్పుడు 'వాఖ్ వాఖ్' అని అరుస్తాయని రాశారు. ఆ జజీరాలు ఎక్కడున్నాయో ఈరోజుకీ ఎవరూ తేల్చలేదు. పిల్లలకి కిస్సాగా చెప్పడానికి మాత్రం పనికొస్తాయి.

అదే రివాయత్‌లో ఇంకో మాట ఉంది. అది కిస్సా కాదు. క్రీ.శ. 1030 ప్రాంతంలో అబూ రైహాన్ అల్ బిరూనీ తన 'కితాబుల్ హింద్'లో దక్షిణ సముద్రంలోని 'దీవ' జజీరాల గురించి రాశారు. మనం ఇప్పుడు మాల్దీవులు, లక్షదీవులు అంటున్నవే అవి. ఆయన చెప్పిన దాని సారాంశం ఇది: ముందు నీళ్ళలోంచి ఇసుక మేట లేస్తుంది. మెల్లగా పెరిగి, విస్తరించి, గట్టి నేల అవుతుంది. అదే కాలంలో ఇంకో జజీరా కరిగిపోయి సముద్రంలో కలుస్తుంది. అది కరుగుతోందని తెలియగానే జనం కొత్త జజీరా వెతుక్కుని, కొబ్బరి మొక్కలు, ధాన్యం, ఇంటి సామాను తీసుకుని అక్కడికి తరలిపోతారు.

ఇదీ అజాయిబే అనుకుంటే, ఒకసారి పెనుగొండ నుంచి సిద్ధాంతం వంతెన మీదికి వచ్చి వసిష్ఠ గోదావరిని చూడండి. బిరూనీ సాబ్ రాసిందంతా కళ్ళ ముందే జరుగుతూ ఉంటుంది.

ధవళేశ్వరం దిగువన గోదావరి గౌతమి, వసిష్ఠ అని చీలుతుంది. వసిష్ఠ నుంచి మళ్ళీ వైనతేయ విడిపోతుంది. ఈ పాయల్లో సైలాబ్ తెచ్చిన ఇసుక, ఒండ్రు పోగుపడి లేచిన నేలే లంక. మొదట ఇసుక తిన్నె మీద రెల్లు మొలుస్తుంది. దాని వేళ్ళు తర్వాతి వరదలో వచ్చే ఒండ్రుని పట్టి ఆపుతాయి. నేల ఎత్తు పెరిగాక కూరగాయలు, పొగాకు, అరటి, కొబ్బరి వస్తాయి. ఆ తర్వాత పాకలు, ఆ తర్వాత ఊరు. ఆచంట వైపు అయోధ్యలంక, పెదమల్లంలంక, యలమంచిలి వైపు కనకాయలంక ఇలాంటి ఊళ్ళే.

ఈ లంకల పేరు ఒకప్పుడు విలాయత్ దాకా వెళ్ళింది. లంక పొగాకుతో చుట్టిన చుట్టని తెల్లదొరలు 'లంకా' అనే పిలిచేవారు. 1890లో ఆర్థర్ కానన్ డాయిల్ రాసిన 'ది సైన్ ఆఫ్ ఫోర్' నవలలో షెర్లాక్ హోమ్స్ నోట కూడా ఆ చుట్ట పేరు వస్తుంది. దాన్ని పండించిన మనుషుల పేర్లు మాత్రం ఏ కితాబులోనూ లేవు.

లంక ఊళ్ళ జుగ్రాఫియా వింతగానే ఉంటుంది. కనకాయలంక సర్కారు కాగితాల్లో పశ్చిమ గోదావరి జిల్లా. దాని కాజ్‌వే మాత్రం కోనసీమ జిల్లాలోని చాకలిపాలెం వైపు పోతుంది. వరదొస్తే ఆ దారీ మునిగి, పడవే గతి అవుతుంది. 1986 ఆగస్టులో ధవళేశ్వరం దగ్గర సుమారు 35 లక్షల క్యూసెక్కుల నీరు వచ్చింది. 2022 జులైలో 25 లక్షలు దాటింది. అలాంటి నీటికి లంకవాసులు ఇల్లు, గొడ్డూగోదా వదిలి గట్టు ఎక్కాల్సిందే. నీళ్ళు తీశాక కొందరి చేలో కొత్త ఒండ్రు ఉంటుంది. కొందరికి చేనే ఉండదు.

దీనికి మన జబాన్‌లో చక్కటి మాటలున్నాయి. ఉత్తర హిందుస్తాన్ రెవెన్యూ కాగితాల్లో ఏరు మింగిన నేలని 'దర్యా బుర్ద్' అని, ఏట్లోంచి తేలిన నేలని 'దర్యా బరామద్' అని రాసేవారు. మన గోదారి రైతు వీటినే కోత, మేట అంటాడు. బెంగాల్‌లో ఈ తగాదాల కోసమే కంపెనీ సర్కారు 1825లో 11వ రెగ్యులేషన్ తెచ్చింది. గట్టుని ఆనుకుని మెల్లగా పెరిగిన నేల పక్క రైతుదే. పెద్ద నది నడుమ, నడిచి దాటలేని చోట లేచిన దీవి మాత్రం సర్కారుది. మన వైపూ ఏట్లో లేచిన లంక సర్కారుదే. రైతుకి అది కౌలు మీద దక్కేది. ఇప్పటికీ దఫ్తర్లలో లంక భూముల్ని ఎ, బి, సి అని తరగతులుగా రాస్తారు.

అసలు ముష్కిల్ ఇక్కడే ఉంది. బిరూనీ సాబ్ రాసిన జనానికి పాత జజీరా పోతే కొత్తది దొరికేది. మన లంకవాళ్ళకి బుర్ద్ మాత్రం ఆగలేదు, బరామద్ తగ్గిపోయింది. పైన కట్టిన డ్యాముల వెనక ఒండ్రు ఆగిపోతోంది. దిగిన ఇసుకని లారీలు ఎత్తుకెళ్తున్నాయి. పాత లంక అంచున కొబ్బరి చెట్లు ఒక్కొక్కటే ఏట్లోకి ఒరుగుతుంటే, ఎదురుగా కొత్త మేట లేచినా దాని మీద ఆ రైతుకి హక్కు రాదు. చేతిలో సర్వే నంబరున్న కాగితం మిగులుతుంది, నేల నీళ్ళ కింద ఉంటుంది.

మనకి ఇది దూరపు ముచ్చట కాదు. ఏటి ఒడ్డున వక్ఫ్ జమీన్ గానీ ఖబ్రస్తాన్ గానీ ఉంటే దానికీ ఇదే ఖతరా. రిజిస్టర్‌లో ఎకరాలు అలాగే ఉంటాయి. బుజుర్గుల ఖబర్లు ఎక్కడున్నాయో చూపడానికి నేల ఉండదు.

అందుకని ఒక గుజారిష్. మీ ఖాన్‌దాన్ ఏ లంక నుంచైనా గట్టు మీదికి వచ్చి ఉంటే, దాదీని, నానాని కూర్చోబెట్టి అడగండి. లంక పేరేమిటి, పడవ రేవు ఎక్కడుండేది, ఏ వరదకి ఎన్ని ఇళ్ళు కదిలాయి, జనాజా ఏ ఒడ్డుకి తీసుకెళ్ళేవారు. ఉర్దూలోనో తెలుగులోనో, తారీఖు వేసి ఒక నోటుబుక్కులో రాసి పెట్టండి. కోతకి పోయిన నేల గురించి సర్వే నక్షా చెప్పని సంగతులు ఇప్పటికి ఆ పెద్దల దగ్గరే ఉన్నాయి.