ఊరికొక్క పెట్టె



యంత్రములు మనుష్యులను విడదీయుచున్నవని యీ దినములలో తఱచుగా వినుచున్నాము. ఈ మాటను నేను సగమే యొప్పుకొందును. యంత్రమే ఊరినెల్ల నొకచోట గూర్చిన కాలమొకటి మన దేశచరిత్రలో కలదు.

1975 ఆగష్టు 1వ తేది మొదలు 1976 జూలై 31 వఱకు, సరిగా నొక సంవత్సరము, మన ఆంధ్రప్రదేశముతో గూడ ఆఱు రాష్ట్రములలోని సుమారు 2,400 గ్రామములకు ఆకాశమునుండి దూరదర్శన ప్రసారములు వచ్చినవి. ఉపగ్రహము అమెరికావారిది. భూమికి సుమారు 36,000 కిలోమీటర్ల యెత్తున నిలిచియున్న దానిని ఒక యేటికి ఎరువు తెచ్చుకొంటిమి. ఈ యాలోచనకు మూలపురుషులలో నొకడైన విక్రమ్ సారాభాయి దాని ఫలము చూడకయే 1971లో గతించెను. గ్రామమున సుమారు పదియడుగుల వెడల్పుగల తీగవల గొడుగు నొకదానిని ఆకసమువైపు తిప్పి నిలిపిరి. కోళ్లగూళ్లకు చుట్టెడి వలయే అది! ఊరికంతకు నొక్కటే పెట్టె. ఉదయమున బడిపిల్లలకు, సాయంకాలమున పెద్దలకు, సేద్యము, ఆరోగ్యము మున్నగు విషయములు చూపిరి. తెలుగు కార్యక్రమములు హైదరాబాదులో తయారయ్యెను.

ఒక్కటే పెట్టె గావున, చూడవలెనన్నవాడు ఇల్లు వెడలి రావలసినదే, ప్రక్కవానితో కూర్చుండవలసినదే. అచ్చట అందరికిని సమానాసనము దొరకెనని నేననను. ఊరచావడి మర్యాదలు మీకు దెలియనివి కావు. ఎవరు ముందు, ఎవరు వెనుక యను లెక్క ఒక పెట్టె వచ్చినంతమాత్రమున మాసిపోవునా? అయినను అందరును చూచినది ఒక్కటే బొమ్మ.

గడువు తీరగానే అమెరికావారు ఉపగ్రహమును మరల తమ దిక్కునకు జరుపుకొనిరి. 1977లో హైదరాబాదున దూరదర్శన కేంద్రము వెలసెను. 1982లో రంగులు వచ్చినవి. పిమ్మట వెల తగ్గి, పెట్టె ఇంటికొకటి, గదికొకటి యై, నేడు చేతికొకటి యైనది. మనలను విడదీసినది బొమ్మ గాదు, ఎవరి బొమ్మ వారికి దొరకుట యని నా తలంపు. దూరదేశమందలి కొడుకు ముఖమును ముసలితల్లి అఱచేతిలో చూచుకొనుచున్నది. ఆ సుఖమును వలదనుటకు నాకు నోరు రాదు. కాని ఆమె పొరుగింటి గడప త్రొక్కి యెన్ని నాళ్లయినదో!

ఆ 2,400 ఊళ్లలో మీదొకటి యైనచో, పెట్టె నెచ్చట నుంచిరో, ఎవరెవ రెచ్చట కూర్చుండిరో, ఎవరు రాకపోయిరో, ఈ యేడే వ్రాయించి పెట్టుడు. నాటి బడిపిల్లలకే యిప్పుడు అఱువదియేండ్లు వచ్చుచున్నవి.